విశాఖ రేవు నుంచి దిగ్లీపూర్ దాకా: అండమాన్ దీవుల్లో పదమూడు రోజులు

అండమాన్ పటం బల్ల మీద పరిచి చూస్తే అన్నీ చెయ్యి చాపినంత దూరంలోనే కనిపిస్తాయి. పోర్ట్ బ్లెయిర్ నుంచి ఉత్తర కొసన ఉన్న దిగ్లీపూర్‌కు రోడ్డు మీద 325 కిలోమీటర్ల లోపే. విజయవాడ నుంచి విశాఖ వెళ్లినంత కూడా లేదు. అయినా తెల్లవారుజామున ఎక్కిన బస్సు చేరేసరికి సాయంత్రమవుతుంది. మధ్యలో ఒక అడవి గేటు ఉంది, అది చెప్పిన వేళకే తెరుస్తారు. ఒక జలసంధి ఉంది, అక్కడ బస్సు పంటు (బండ్లను నీళ్లు దాటించే బల్లకట్టు పడవ) ఎక్కాలి. పొద్దు చూస్తే ఐదింటికే వాలిపోతుంది. గేటు, పంటు, సముద్రపు పోటు, పొద్దు. ఈ నాలుగింటి వేళలూ ముందు తెలుసుకుని, హోటళ్లు ఆ తర్వాత బుక్ చేసుకోవాలి. చాలామంది దీన్ని తిరగేసి చేస్తారు. డబ్బు కట్టేసిన గది హేవ్‌లాక్‌లో ఉంటుంది, మనుషులు రంగత్ జెట్టీలో ఉంటారు.

ఇక్కడ రాసిన వరస జనవరి నుంచి మార్చి వరకు సరిపోతుంది. ఆ నెలల్లో సముద్రం నెమ్మదిగా ఉంటుంది. మే నుంచి నైరుతి వానలు మొదలైతే బోట్లు ఎప్పుడు ఆగుతాయో ముందుగా చెప్పలేం. అక్టోబరు, నవంబరుల్లో బంగాళాఖాతం సంగతి తెలుగువాళ్లకు వేరే చెప్పక్కర్లేదు.

పేర్ల విషయం ముందే తేల్చుకోవాలి. పోర్ట్ బ్లెయిర్ 2024 సెప్టెంబరు నుంచి శ్రీ విజయపురం. హేవ్‌లాక్ స్వరాజ్ ద్వీప్, నీల్ షహీద్ ద్వీప్, పోర్ట్ బ్లెయిర్ ఎదురుగా ఉన్న రాస్ దీవి నేతాజీ సుభాష్ చంద్ర బోస్ ద్వీప్. ఈ మూడూ 2018 డిసెంబరు 30న మారాయి. టికెట్ల మీద కొత్త పేర్లుంటాయి, ఆటోవాళ్ల నోట పాత పేర్లే. రెండూ గుర్తుంచుకుంటేనే పని జరుగుతుంది.

మొదటి రోజు నుంచి మూడో రోజు: ఓడలో

చెన్నై, కోల్‌కతాల నుంచి పోర్ట్ బ్లెయిర్‌కు నెలకు మూడు నాలుగు ఓడలు నడుస్తాయి. విశాఖ నుంచి మామూలుగా నెలకు ఒకటి. దూరం దాదాపు 1,200 కిలోమీటర్లు, ప్రయాణం 56 గంటల ప్రాంతం. ఎప్పుడు కదులుతుందన్నది నెలవారీ ప్రకటనలో వస్తుంది, వచ్చాక కూడా ఒకటి రెండు రోజులు అటూ ఇటూ అవుతుంది. అందుకే వెళ్లేటప్పుడు ఓడ, వచ్చేటప్పుడు విమానం పెట్టుకోవడం మంచిది. విశాఖలో ఓడ ఒక రోజు ఆలస్యమైతే బంధువుల ఇంట్లోనో లాడ్జీలోనో సర్దుకోవచ్చు. తిరుగు ప్రయాణంలో ఓడ జారితే సెలవులు, డబ్బు రెండూ అయిపోయి దీవిలో కూర్చోవాల్సి వస్తుంది.

తరగతులు ఓడను బట్టి కాస్త మారినా మూలం ఒకటే: డీలక్స్, ఫస్ట్ క్లాస్, సెకండ్ క్లాస్ కేబిన్లు, అందరికంటే చవకగా బంక్. బంక్ అంటే కింది డెక్కులో ఒక పెద్ద హాలు. రైలు స్లీపర్ బెర్తుల్లా కిందొకటి పైనొకటి, వరసలు వరసలుగా ఇనుప మంచాలు, వాటి మీద రెగ్జిన్ పరుపు. ఇంజను చప్పుడు గోడల్లోంచి సన్నగా, ఆగకుండా వినిపిస్తూనే ఉంటుంది. రెండో రాత్రికి అది అలవాటైపోతుంది. దుప్పటి, గాలి దిండు, మగ్గు, రబ్బరు చెప్పులు, సామానుకు గొలుసూ తాళం ఎవరివి వాళ్లే తెచ్చుకోవాలి. బెర్త్ ఎంచుకునే వీలుంటే ఓడ నడిమి భాగంలో, కిందిది తీసుకోవాలి. ఊయల బల్ల మధ్యలో కూర్చున్నవాడికి ఊపు తక్కువ, చివర్లో కూర్చున్నవాడికి ఎక్కువ. ఓడా అంతే.

వాంతుల మాత్ర కడుపులో తిప్పడం మొదలయ్యాక వేసుకుంటే పని చెయ్యదు. డాక్టరును అడిగి తెచ్చుకున్న మాత్ర ఓడ కదలడానికి అరగంట, గంట ముందే వేసుకోవాలి. ఖాళీ కడుపు, నిండు కడుపు రెండూ చేటే. మరమరాలు, జంతికలు, అల్లం మురబ్బా దగ్గర ఉంచుకుని కొంచెం కొంచెం తినాలి. పులిహోర మొదటి పూటకే తెచ్చుకోండి. ఆ తర్వాత ఓడ క్యాంటీను ఉంది, అన్నం పప్పు దొరుకుతాయి. కాకపోతే వేళ దాటితే మూసేస్తారు. ఎంత తిప్పుతున్నా మంచం మీద ఫోను చూస్తూ పడుకోకూడదు. పై డెక్కు మీదకు వచ్చి, ఆకాశం సముద్రం కలిసే గీత వైపు చూస్తూ నిలబడితే చాలావరకు తగ్గుతుంది. కంటికి కదలిక కనిపించకుండా చెవి లోపల మాత్రం కదలిక తెలుస్తుంటే మెదడు తికమక పడుతుంది. ఈ వికారమంతా దానివల్లే.

తీరం దాటిన కొన్ని గంటలకే ఫోన్ సిగ్నల్ పోతుంది. ఇంట్లో వాళ్లకు ఆ మాట ముందే చెప్పి ఎక్కాలి. ఓడ ఎక్కడానికి మూడు నాలుగు గంటల ముందే రేవుకు చేరాలి. తనిఖీ, లగేజీ స్కానింగ్, మెట్ల దగ్గర క్యూ అన్నీ ఉంటాయి. ఆధార్ నకళ్లు ఒక పది తీసి పెట్టుకుంటే ఇక్కడి నుంచి చివరి దాకా అడుగడుగునా పనికొస్తాయి.

నాలుగో రోజు: పోర్ట్ బ్లెయిర్, ముందు టికెట్లు

పెద్ద ఓడ హడ్డో వార్ఫ్‌లో ఆగుతుంది. ఒడ్డెక్కి గంట రెండు గంటల దాకా నేల ఊగుతున్నట్టే ఉంటుంది, అది మామూలే. గదిలో సామాను పడేసి నేరుగా టికెట్ల పని చూడాలి. సముద్రతీరం, జైలు, మ్యూజియం అన్నీ దాని తర్వాతే.

అబర్డీన్ బజారు దగ్గరి మోహన్‌పురా బస్టాండులో మర్నాటికి బారాటాంగ్ దాకా బస్సు సీటు తీసుకోవాలి. ప్రభుత్వ బస్సులున్నాయి, ప్రైవేటువీ ఉన్నాయి. తర్వాత ఫీనిక్స్ బే జెట్టీ కౌంటర్లో తొమ్మిదో రోజుకు రంగత్ నుంచి హేవ్‌లాక్ వెళ్లే ప్రభుత్వ బోటు ఉందో లేదో అడగాలి. అది వారంలో కొన్ని రోజులే నడుస్తుంది. ఆ తేదీ కుదిరాకే మిగతా రోజుల లెక్క. దీవి వాసులకు టికెట్టు ధర వేరు, బయటివాళ్లకు వేరు. ఎక్కువ అడిగారని గొడవపడే పని లేదు.

ఇక్కడ ఎక్కువమంది పొరబడేది జెట్టీ దగ్గరే. ప్రభుత్వ బోట్లు ఫీనిక్స్ బే నుంచి కదులుతాయి. మాక్రుజ్, నాటికా లాంటి ప్రైవేటు బోట్లు హడ్డో నుంచి. టికెట్టు మీద జెట్టీ పేరు చూడకుండా ఆటో ఎక్కి, అక్కడికి చేరాక గేటు దగ్గర తెలుసుకుని పరుగులు తీసేవాళ్లు రోజూ కనిపిస్తారు. బోటు ఎవరి కోసం ఆగదు.

మధ్యాహ్నం సెల్యులర్ జైలు. 1896లో మొదలుపెట్టి 1906లో పూర్తి చేశారు. నడుమ ఒక గోపురం, దాని చుట్టూ చక్రం ఆకుల్లా ఏడు విభాగాలు. ఇప్పుడు మూడే మిగిలాయి. ఒక గదిలోంచి చూస్తే ఎదురుగా కనిపించేది పక్క విభాగం వీపు మాత్రమే. ఒక ఖైదీ మొహం ఇంకో ఖైదీకి కనబడకూడదని అలా కట్టారు. తెలుగువాళ్లు ఇక్కడ కాసేపు ఆగాల్సిన కారణం ఒకటుంది. అల్లూరి సీతారామరాజు దళంలోని గాం మల్లుదొర అండమాన్ శిక్ష అనుభవించి వచ్చి, 1952లో విశాఖ నుంచి లోక్‌సభకు ఎన్నికయ్యారు. గైడు చెప్పే పేర్లలో ఈ పేరు సాధారణంగా రాదు. మనమే గుర్తు చేసుకోవాలి.

సాయంత్రం జంగ్లీఘాట్ వైపు వెళ్లండి. అక్కడి చేపల రేవులో, వీధుల్లో శ్రీకాకుళం, విశాఖ జిల్లాల మత్స్యకార కుటుంబాలు తరాలుగా ఉంటున్నాయి. 2011 జనాభా లెక్కల ప్రకారం ఈ దీవుల్లో దాదాపు 13 శాతం మందికి తెలుగే మాతృభాష. మిగతా చోట్ల హిందీతో నెట్టుకురావాలి కానీ ఇక్కడ ‘ఏటి, ఎక్కడ్నుంచొచ్చారు?’ అని తెలుగే ఎదురొస్తుంది. రేపు సముద్రం ఎలా ఉంటుందో వీళ్లను అడిగితే సరిగ్గా చెబుతారు.

ఇక పొద్దు సంగతి. మన గడియారం కాకినాడకు దగ్గరగా పోయే 82.5 డిగ్రీల రేఖాంశానిది. పోర్ట్ బ్లెయిర్ 92.7 డిగ్రీల దగ్గరుంది. డిగ్రీకి నాలుగు నిమిషాల చొప్పున సూర్యుడు ఇక్కడ 40 నిమిషాలు ముందే వస్తాడు, ముందే పోతాడు. చలికాలంలో ఐదున్నర దాటితే వెలుతురు ఉండదు. ‘సాయంత్రం ఆరుకు బీచ్’ అని పథకం వేసుకుంటే చీకటే మిగులుతుంది. ప్రతి పనినీ మన అలవాటు కంటే గంట ముందుకు జరుపుకోవాలి.

ఐదో రోజు: జిర్కాటాంగ్ గేటు, బారాటాంగ్, రంగత్

తెల్లవారుజామున నాలుగింటికల్లా బస్సులో ఉండాలి. అండమాన్ ట్రంక్ రోడ్డు అంటే నాలుగో నంబరు జాతీయ రహదారి. దాని మీద గంటన్నర వెళ్తే జిర్కాటాంగ్ చెక్‌పోస్టు వస్తుంది. అక్కడి నుంచి మిడిల్ స్ట్రెయిట్ దాకా దాదాపు 50 కిలోమీటర్లు జారవాలనే ఆదిమ తెగవాళ్ల రక్షిత అడవి. బండ్లు ఇష్టం వచ్చినప్పుడు పోవడానికి వీల్లేదు. అన్నీ వరసగా, ముందూ వెనకా పోలీసు బండ్లతో, కాన్వాయ్‌గా కదలాలి. ఉదయం 6కి మొదటిది, తర్వాత 9కి, మధ్యాహ్నం 12కి, రెండున్నర ప్రాంతంలో చివరిది. ఈ వేళలు అప్పుడప్పుడు మారుతుంటాయి, ముందు రోజు బస్టాండులో అడిగి ఖాయం చేసుకోవాలి. ఐదు నిమిషాలు ఆలస్యమైతే మూడు గంటలు గేటు దగ్గరే. చిన్న బండిలో వెళ్తే ఒక్కొక్కరి పేరు, వయసు, గుర్తింపు కార్డు నంబరు ఫారంలో నింపి ఇవ్వాలి. రాత్రే రాసి పెట్టుకుంటే క్యూలో ముందుంటారు. గేటు దగ్గరున్న టీ కొట్లలో ఇడ్లీ, పూరీ దొరుకుతాయి. అడవిలో ఎక్కడా ఆపరు కాబట్టి మరుగుదొడ్డి పని కూడా ఇక్కడే ముగించుకోవాలి.

అడవిలో వేగం గంటకు 40 కిలోమీటర్లు మించకూడదు. ఓవర్‌టేక్ లేదు, ఆపడం లేదు, ఫొటో లేదు, వీడియో లేదు, కిటికీలోంచి ఏమీ అందించడం లేదు. 1956 నాటి ఆదిమ తెగల రక్షణ నిబంధనను 2012లో సవరించి జైలు శిక్షను ఏడేళ్ల దాకా పెంచారు. చట్టం భయం ఒక్కటే కాదు ఇక్కడ. జారవాలు బయటివాళ్లకు దగ్గరగా రావడం మొదలైంది 1997, 98 ప్రాంతంలో. 1999లో వాళ్లలో తట్టు వ్యాపించింది. మనకు చిన్నప్పుడు వచ్చి పోయే జబ్బు వాళ్లకు ప్రాణాంతకం. జనాభా కొన్ని వందలే. రోడ్డు పక్కన వాళ్లు కనిపించాలని కిటికీకి కళ్లు అతికించుకుని కూర్చునేవాళ్లు, ‘కనబడతారా’ అని డ్రైవర్ను అడిగేవాళ్లు ప్రతి బస్సులోనూ ఉంటారు. అది చాలా తప్పు. అది వాళ్ల ఇల్లు. మనం వాళ్ల వాకిట్లోంచి తలదించుకుని పోవాలి. ఈ భాగంలో రోడ్డు మూసెయ్యమని సుప్రీంకోర్టు 2002లోనే చెప్పింది, అయినా బండ్లు నడుస్తూనే ఉన్నాయి. మీ తేదీకి దిగ్లీపూర్‌కో రంగత్‌కో ఓడ దొరికితే అడవి దారి వదిలేసి ఆ ఓడే ఎక్కండి. రాత్రి ప్రయాణమైనా ఫర్వాలేదు.

మిడిల్ స్ట్రెయిట్ దగ్గర రోడ్డు నీళ్లలోకి దిగి ఆగిపోతుంది. గోదావరి లంకల్లో పంటు ఎక్కినవాళ్లకు ఈ దృశ్యం కొత్త కాదు. ఇనుప తలుపు కిందికి వాలి కాంక్రీటు వాలు మీద ఆనుతుంది. ప్రయాణికులంతా బస్సు దిగి నడిచి ఎక్కాలి, బస్సు ఖాళీగా ఎక్కుతుంది. పోటు మీద ఉంటే ఆ తలుపు దాదాపు సమంగా ఉంటుంది. ఆటు మీద ఉంటే వాలు పెరుగుతుంది, పొడవాటి బస్సు తోక నేలకు రాసుకునే ప్రమాదం ఉంటుంది. అప్పుడు డ్రైవరు బండిని కాస్త వంకరగా తిప్పి ఒక్కో చక్రాన్నే ఎక్కిస్తాడు. పంటు మనిషి ఎదురుగా నిలబడి చేతి వేళ్లతోనే ‘ఇంకొంచెం, ఇంకొంచెం’ అంటుంటాడు. పెద్ద బండ్లు మధ్యలో, కార్లు అంచుల్లో. బరువు ఒక పక్కకు ఒరగకూడదు. ఆవలి ఒడ్డు పావుగంట, ఇరవై నిమిషాలు. ఎక్కేటప్పుడు బస్సు నంబరు చూసి గుర్తుపెట్టుకోండి. దిగాక ఒకేలాంటి బస్సులు నాలుగుంటాయి.

ఆ ఒడ్డే బారాటాంగ్‌లోని నీలంబూర్ జెట్టీ. సున్నపురాయి గుహల కోసం అటవీ శాఖ అనుమతి, బోటు టికెట్టు రెండూ జెట్టీ దగ్గరే ఇస్తారు. ఆధార్ నకలు ఇక్కడ కావాలి. గుహలు ఆ రోజు తెరిచి ఉన్నాయా అని పోర్ట్ బ్లెయిర్‌లోనే అడిగి ఉండాలి. స్పీడ్ బోటు అరగంట పరుగు. మొదట వెడల్పాటి కాలువ, చివర్లో మడచెట్ల కొమ్మలు పైన కలిసిపోయిన సందు. అక్కడ ఇంజను తగ్గించి నెమ్మదిగా పోతారు, తలవంచుకోవాలి. నీళ్లు బాగా తీసిపోయిన వేళ ఈ సందులోకి బోటు సరిగా రాదు, కాసేపు ఆగాల్సి వస్తుంది. దిగాక కిలోమీటరున్నర లోపు నడక, పొలాల గట్ల మీదా చెట్ల కింద. టార్చి ఉండాలి, చేతులు రాళ్లకు తగలకూడదు. చేతి జిడ్డు అంటితే సున్నం పేరుకోవడం ఆగి ఆ రాయి నల్లబడిపోతుంది.

సామాను జెట్టీ దగ్గర టీ కొట్టులో చెప్పి పెట్టుకోవచ్చు. పర్సు, ఫోను, మందులు మాత్రం ఒంటి మీదే. ఆరు గంటల కాన్వాయ్‌లో వచ్చినవాళ్లు పదకొండున్నర లోపు గుహలు చూసి తిరిగి రాగలరు. తొమ్మిది గంటల కాన్వాయ్‌లో వచ్చే బస్సులు దాదాపు అదే వేళకు పంటు దిగుతాయి, వాటిలో రంగత్ చేరొచ్చు. సీటు దొరకడం కష్టం, నిలబడాల్సి రావచ్చు. రెండో జలసంధి, హంఫ్రీ స్ట్రెయిట్ మీద ఇప్పుడు ఆజాద్ హింద్ ఫౌజ్ సేతు ఉంది. దాదాపు కిలోమీటరున్నర పొడవు. ఒకప్పుడు ఇక్కడ కూడా పంటు కోసం కాచుకోవాల్సి వచ్చేది. రంగత్‌లో రాత్రి బస. బజారు చిన్నది, తొమ్మిదింటికల్లా మూసేస్తారు.

ఆరో రోజు: మాయాబందర్ మీదుగా దిగ్లీపూర్

ఈ రోజు గేట్లు లేవు, పంట్లు లేవు. పొద్దున్నే బండి మాట్లాడుకుంటే దారిలో ధనీనాలా దగ్గర దిగొచ్చు. మడ అడవి మధ్యలోంచి 700 మీటర్లకు పైగా చెక్క వంతెన లాంటి నడకదారి సముద్రతీరం దాకా పోతుంది. దోమల మందు రాసుకుని నడవండి. మడ వేళ్లు బురదలోంచి ముళ్లలా పైకి లేచి ఎందుకుంటాయో ఆటు వేళ చూస్తేనే అర్థమవుతుంది. బురదలో గాలి ఆడదు, అవి ఆ చెట్టుకు ముక్కులు.

మాయాబందర్ దగ్గరి వెబీ 1925లో బర్మా నుంచి వచ్చిన కరెన్ తెగవాళ్ల ఊరు. ఆ తర్వాత ఆస్టిన్ స్ట్రెయిట్ మీద చెంగప్ప వంతెన దాటితే ఉత్తర అండమాన్. దిగ్లీపూర్ ఊళ్లో ఉండేకంటే కాలీపూర్ వైపు గది తీసుకుంటే రేపటి పని తేలిక. ఏటీఎంలో డబ్బు ఈ ఊళ్లోనే తీసి పెట్టుకోవాలి.

ఏడో రోజు: రాస్, స్మిత్

ఈ రాస్, పోర్ట్ బ్లెయిర్ ఎదురుగా ఉన్న రాస్ కాదు. ఏరియల్ బే జెట్టీ నుంచి అరగంట లోపు బోటు ప్రయాణం. అటవీ శాఖ అనుమతి కాగితం అక్కడే ఇస్తారు. రెండు దీవుల మధ్య ఒక ఇసుక తిన్నె ఉంది. పోటు వేళ అది నీళ్ల కింద ఉంటుంది, ఆటు వేళ తెల్లగా తేలుతుంది. పోటులో వెళ్లినవాళ్లకు రెండు దీవులే కనబడతాయి, ‘ఇంతేనా’ అనుకుని వచ్చేస్తారు.

లెక్క కష్టమేం కాదు. ఒక పోటుకూ తర్వాతి పోటుకూ మధ్య 12 గంటల 25 నిమిషాలు. వాటి మధ్యలో, ఆరుంబావు గంటలకు కాస్త అటూ ఇటూగా, ఆటు. ఇవాళ పొద్దున పదింటికి నీళ్లు అడుగంటితే రేపు పదకొండుకు పది నిమిషాలు తక్కువలో అడుగంటుతాయి. రోజుకు 50 నిమిషాలు వెనక్కి జరుగుతుందని గుర్తుంటే చాలు. పున్నమి, అమావాస్యలకు ఎక్కుడూ దిగుడూ పెద్దవి, తిన్నె వెడల్పుగా బయటపడుతుంది. అష్టమి ప్రాంతంలో తేడా తక్కువ. ముందు రోజు సాయంత్రం జెట్టీలో బోటువాళ్లను ‘రేపు నీళ్లు ఎప్పుడు తీస్తాయి’ అని అడిగి, దానికి గంట ముందు అక్కడ ఉండేలా బయల్దేరాలి.

తిన్నె తేలడం చూసేటప్పుడు కదలకుండా నిలబడండి. మొదట మోకాలి లోతులో నీళ్లు రెండు వైపుల నుంచీ వచ్చి నడుమ ఢీకొని చిన్న నురుగు గీత గీస్తాయి. ఆ గీత కాసేపటికి పలచబడుతుంది. తర్వాత ఇసుక మీద ముడతలు కనిపిస్తాయి, ముడతల్లో పీతలు తవ్విన గోళీలంత ఉండలు. అరగంటలో పాదాలు తడవకుండా ఆ దీవికి నడిచిపోవచ్చు. తిరిగి నీళ్లు ఎక్కేటప్పుడు మాత్రం అవతలి గట్టున ఉండకూడదు. ఉప్పునీటి మొసళ్లున్న ప్రాంతమిది. చీలమండ దాటి నీళ్లుంటే ఈదుదామన్న సరదా వద్దు.

732 మీటర్ల శాడిల్ పీక్ ఈ దీవులన్నిటిలో ఎత్తయినది. దారి ఎనిమిది కిలోమీటర్లు పైకి, అంతే కిందికి. ఎక్కదలచుకున్నవాళ్లు దానికి వేరే రోజు పెట్టుకోవాలి. పొద్దున ఆరింటికి కదలకపోతే అడవిలో చీకటి పడుతుంది. రెండూ ఒకే రోజులో ఇరికించే ప్రయత్నం చెయ్యొద్దు. రాత్రి కాలీపూర్ తీరానికి సముద్ర తాబేళ్లు గుడ్లు పెట్టడానికి వస్తాయి. చూడాలంటే అటవీ సిబ్బందితోనే, ఫ్లాష్ లేకుండా, తెల్ల టార్చి లేకుండా.

ఎనిమిదో రోజు వచ్చిన దారినే రంగత్ చేరాలి. కొత్తగా చెప్పేదేం లేదు.

తొమ్మిదో రోజు: రంగత్ జెట్టీ నుంచి హేవ్‌లాక్

జెట్టీ బజారుకు దూరంగా ఉంది. జీపు, ఆటో రాత్రే మాట్లాడుకోవాలి. ప్రభుత్వ బోటు లాంగ్ ఐలాండ్ మీదుగా వెళ్లవచ్చు. అది తెలిస్తే టికెట్టు తీసుకునేటప్పుడే ఒక రాత్రి అక్కడ ఆగి లాలాజీ బే చూసే ఆలోచన చెయ్యొచ్చు. కాకపోతే తర్వాతి బోటు ఎప్పుడో తెలుసుకోకుండా దిగకూడదు.

ప్రభుత్వ బోటుకు తెరిచిన డెక్కు ఉంటుంది. ప్రైవేటు క్యాటమరాన్లలో ఏసీ హాలు, మూసిన అద్దాలు, నంబరు సీట్లు. వేగం ఎక్కువ, పోర్ట్ బ్లెయిర్ నుంచి హేవ్‌లాక్‌కు గంటన్నర చాలు. కానీ కడుపులో తిప్పే వాళ్లకు ఆ మూసిన హాలే ఎక్కువ ఇబ్బంది. అలాంటివాళ్లు గంట ఆలస్యమైనా తెరిచిన డెక్కే ఎంచుకోవాలి.

గాలి ఎక్కువై బోటు రద్దయితే రంగత్ నుంచి బస్సులో పోర్ట్ బ్లెయిర్‌కు దిగి, మర్నాడు హడ్డో నుంచి ప్రైవేటు బోటు పట్టుకోవడం ఒక్కటే దారి. మధ్యాహ్నం కాన్వాయ్ అందుకోవాలంటే ‘బోటు లేదు’ అన్న మాట పొద్దున ఎనిమిదింటి లోపే తేల్చుకోవాలి. జెట్టీలో మధ్యాహ్నం దాకా ఆశపడి కూర్చుంటే అదీ పోతుంది.

పదో రోజు: హేవ్‌లాక్

ఇక్కడ ఊళ్లను జనం నంబర్లతో పిలుస్తారు. జెట్టీ దగ్గర ఒకటి, గోవింద్‌నగర్ మూడు, విజయ్‌నగర్ ఐదు, రాధానగర్ ఏడు. జెట్టీ నుంచి రాధానగర్ 12 కిలోమీటర్లు, బస్సుంది. స్కూటర్ అద్దె సీజన్ని బట్టి రోజుకు 500 నుంచి 700 దాకా. లైసెన్సు అసలు కార్డు చూపించాలి. తీసుకునే ముందు బ్రేకులు, టైర్లు చూసి, గీతలున్న చోట్లన్నీ వీడియో తీసుకోండి. అప్పగించేటప్పుడు వచ్చే పేచీలన్నీ వాటి గురించే. రోడ్డు మీద ఇసుక పేరుకున్న మలుపుల్లో ముందు బ్రేకు గట్టిగా పట్టకూడదు.

ఎలిఫెంట్ బీచ్‌లో పగడాల కోసం పొద్దున బోటులో వెళ్లడం మేలు. మధ్యాహ్నానికి గాలి లేచి నీళ్లు కలకబారతాయి. రాధానగర్‌లో మూడున్నరకల్లా ఉండాలి. ఐదున్నర దాటితే వెలుతురుండదని ఇప్పటికే అనుకున్నాం. తీరం చివర ఉన్న ఖాడీ (సముద్రపు పాయ) వైపు స్నానానికి పోవద్దు. 2010లో అక్కడ స్నార్కెలింగ్ చేస్తున్న ఒక అమెరికా యాత్రికురాలిని మొసలి చంపింది. హెచ్చరిక బోర్డు ఉన్న చోట అది ఉత్తినే పెట్టింది కాదు.

పదకొండో రోజు: నీల్

హేవ్‌లాక్ నుంచి బోటు గంట లోపే. సీతాపూర్, భరత్‌పూర్, లక్ష్మణ్‌పూర్: రామాయణం పేర్లు చదువుకుంటూ సైకిలు మీదే దీవంతా తిరగొచ్చు. ఇక్కడ సహజంగా ఏర్పడిన రాతి వంతెన చూడాలంటే మళ్లీ ఆటు లెక్కే. నీళ్లు బాగా తీసిన వేళకు గంట ముందూ వెనకా మాత్రమే రాళ్ల మీద నడిచి దాని కిందకు చేరొచ్చు. రాళ్లు నాచు పట్టి ఉంటాయి. హవాయి చెప్పులు జారుతాయి, వెనక పట్టీ ఉన్న చెప్పులు కావాలి.

పన్నెండో రోజు: ఖాళీగా ఉంచాల్సిన రోజు

పొద్దున బోటులో పోర్ట్ బ్లెయిర్ చేరాలి. విమానం మర్నాడు. ఈ రోజు ఎందుకు ఖాళీ అంటే 2016 డిసెంబరు గుర్తు చేసుకోవాలి. తుఫాను వాతావరణానికి బోట్లు ఆగి హేవ్‌లాక్, నీల్ దీవుల్లో వెయ్యి మందికి పైగా యాత్రికులు చిక్కుకుపోయారు. నౌకాదళం ఓడలు వెళ్లి తీసుకురావాల్సి వచ్చింది. నీల్ నుంచి పొద్దున బోటు, మధ్యాహ్నం విమానం అనే పథకం ఏ ట్రావెల్స్ వాళ్లు చెప్పినా ఒప్పుకోకండి. బోటు రద్దయితే దాని టికెట్టు డబ్బు వెనక్కి వస్తుంది, విమానం డబ్బు రాదు.

అంతా సవ్యంగా జరిగితే ఈ పూట చాతామ్ నుంచి పంటు మీద బాంబూఫ్లాట్ దాటి, ఇప్పుడు మౌంట్ మణిపూర్ అంటున్న పాత మౌంట్ హారియట్ ఎక్కొచ్చు. లేదా 1883లో పెట్టిన చాతామ్ రంపపు మిల్లు చూడొచ్చు.

హెలికాప్టర్ గురించి అడిగేవాళ్లు చాలామంది. దీవుల మధ్య అది నడుస్తుంది, కానీ రోగులకు, దీవి వాసులకు, అధికారులకు మొదటి హక్కు. సామాను ఐదు కిలోలు. యాత్రికులు దాన్ని నమ్ముకుని పథకం వెయ్యకూడదు, వేస్తే ఎవరో రోగికి దక్కాల్సిన సీటు కోసం పోటీ పడ్డట్టు కూడా అవుతుంది. 2011 మొదట్లో జల్ హంస్ పేరుతో నీటి మీద వాలే చిన్న విమానం మొదలైంది, కొన్నాళ్లకు ఆగిపోయింది. నికోబార్ సంగతి వేరు. అక్కడి గిరిజన ప్రాంతాలకు పాస్ కావాలి, విహారయాత్రకు అది ఇవ్వరు.

పదమూడో రోజు: విమానం

వీర్ సావర్కర్ విమానాశ్రయం ఊరికి నాలుగైదు కిలోమీటర్ల లోపే. కొత్త టెర్మినల్ 2023 జులై 18న ప్రారంభమైంది. రన్‌వే నౌకాదళానిది కాబట్టి అక్కడ ఫొటోలు నిషేధం. చెన్నైకి రెండుంబావు గంటలు, హైదరాబాద్‌కు కాస్త ఎక్కువ. వాన ముసురు పట్టి రన్‌వే కనబడకపోతే రావాల్సిన విమానం వచ్చిన దారినే వెనక్కి పోతుంది. అందుకే హైదరాబాద్‌లోనో చెన్నైలోనో అదే రాత్రికి ఇంకో రైలు, ఇంకో విమానం తగిలించుకోకూడదు.

బయల్దేరే ముందు గదిలోనే బ్యాగు పూర్తిగా దులపండి. పిల్లల జేబులు కూడా. పగడపు ముక్క ఎండిపోయిందైనా, తీరాన ఏరుకున్నదైనా తీసుకుపోవడం వన్యప్రాణి చట్టం కింద నేరం. చాలా రకాల గవ్వలకూ అదే వర్తిస్తుంది. స్కానర్‌లో అవి తెలిసిపోతాయి, సిబ్బంది బ్యాగు విప్పిస్తారు. అనుమతి ఉన్న దుకాణంలో కొన్న గవ్వలైతే బిల్లు చేతిలో పట్టుకునే క్యూలో నిలబడాలి. ఏరినవి ఏమైనా మిగిలి ఉంటే ముందు రోజు సాయంత్రమే ఆటో ఎక్కి కార్బిన్స్ కోవ్ దాకా పోయి నీళ్లలో వదిలేసి రండి.